చూడలేదా, ఒప్పుకోలేదా?

దావా ఓడిపోయిన ఇంట్లో మొదటి వారం వినిపించే మాట ఏ ఊళ్లోనైనా దాదాపు ఒకటే: "జడ్జిగారు మన మాట వినలేదు." శ్రీకూర్మం చుట్టుపక్కల పల్లెల్లో గట్టు తగాదా అయినా, శ్రీకాకుళం కోర్టులో అన్నదమ్ముల భాగపంపకాల దావా అయినా, ఆ మాట వెనకాలే రెండో మాట వస్తుంది: "అక్కడే రివ్యూ వేద్దాం, కాగితాలు మళ్లీ చూడమందాం." ఈ అధ్యాయం ఆ రెండు మాటల నడుమ ఆగి ఆలోచించాల్సిన దాని గురించి. "వినలేదు" అనేటప్పుడు మనం రెండు వేరు వేరు సంగతులను కలిపేస్తాం. కోర్టు మన కాగితాన్నో వాదననో అసలు చూడకపోవడం ఒకటి. చూసి, తూచి, ఒప్పుకోకపోవడం ఇంకొకటి. మొదటిది జరిగితే, తీర్పు ఇచ్చిన కోర్టు తలుపే మళ్లీ తట్టడానికి చట్టం దారి ఇచ్చింది. రెండోది జరిగితే పై కోర్టుకు వెళ్లాలి, లేదంటే అక్కడితో ఆపేయాలి. చెప్పడానికి ఇది సులువే. ఓడిపోయిన మనిషికి మాత్రం ఈ రెండింటినీ విడదీయడం చాలా కష్టం, ఎందుకంటే ఆ బాధలో ఒప్పుకోకపోవడం కూడా వినకపోవడంలాగే తోస్తుంది. ఆ తేడా తెలియక నెలలూ డబ్బూ పోగొట్టుకుని, చివరికి అప్పీలు గడువు కూడా దాటబెట్టుకునేవాళ్ల కోసమే నేను ఇంత వివరంగా రాస్తున్నాను.

ముందు మన నది సంగతి చూద్దాం. శ్రీకూర్మం ఉన్న గార మండలంలోనే, కళింగపట్నం దగ్గర, వంశధార సముద్రంలో కలుస్తుంది. ఆ నీళ్ల మీద ఆంధ్రప్రదేశ్‌కూ ఒడిశాకూ వచ్చిన వివాదం తేల్చడానికి 2010లో కేంద్రం ఒక ట్రిబ్యునల్ వేసింది. జస్టిస్ ముకుందకం శర్మ దానికి అధ్యక్షులు. 2017 సెప్టెంబర్ 13న ట్రిబ్యునల్ తీర్పు చెప్పింది: నదిలో లెక్కగట్టిన 115 టీఎంసీలను రెండు రాష్ట్రాలూ చెరిసగం పంచుకోవాలి, నేరడి దగ్గర బ్యారేజీ కట్టుకోవచ్చు, దానికి కావలసిన 106 ఎకరాలు ఒడిశా ఇవ్వాలి. కథ అంతటితో ఆగలేదు. అంతర్రాష్ట్ర నదీ జల వివాదాల చట్టం సెక్షన్ 5(3) ప్రకారం, తీర్పు వచ్చిన మూడు నెలల్లోగా అదే ట్రిబ్యునల్‌ను మళ్లీ అడగవచ్చు. ఆ సెక్షన్ మాటలను జాగ్రత్తగా చదవండి. తీర్పులో ఏదైనా అంశానికి వివరణ కావాలంటే అడగవచ్చు. మొదట నివేదించని అంశం మీద మార్గదర్శనం కావాలంటే అడగవచ్చు. "మాకు నచ్చలేదు, మళ్లీ పంచండి" అని అడగడానికి అందులో చోటు లేదు. వంశధార విషయం ఈ సెక్షన్ కింద మళ్లీ ట్రిబ్యునల్ ముందుకు వెళ్లింది. అదనపు నివేదిక 2021 జూన్‌లో వచ్చింది. నాలుగేళ్లకు దగ్గరగా గడిచాక కూడా నేరడి బ్యారేజీకి ఇచ్చిన అనుమతి అలాగే నిలిచింది.

కృష్ణా విషయంలో ఇంకా స్పష్టమైన లెక్క కనిపిస్తుంది. బ్రిజేష్ కుమార్ ట్రిబ్యునల్ 2010 డిసెంబర్ 30న ఇచ్చిన నిర్ణయం మీద ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌కు పెద్ద అభ్యంతరాలే ఉండేవి. 65 శాతం నీటి లభ్యత మీద లెక్క కట్టడం, ఆలమట్టి ఎత్తు పెంచుకోనివ్వడం, మిగులు జలాలను పంచేయడం, ఇవన్నీ మౌలికమైన అభ్యంతరాలు. అదే సెక్షన్ కింద 2013 నవంబర్ 29న వచ్చిన తదుపరి నివేదికలో మన వాటా 1001 టీఎంసీల నుంచి 1005 అయింది. నాలుగు టీఎంసీలు. మౌలిక అభ్యంతరాల్లో ఏదీ కదలలేదు. అంత పెద్ద రాష్ట్రం, అంతమంది సీనియర్ న్యాయవాదులు, ఇంజినీర్లు, ఏళ్ల తరబడి కట్టిన రికార్డు ఉన్నా, తీర్పు చెప్పినవాళ్లనే మళ్లీ అడిగితే దక్కింది అంత. అది ట్రిబ్యునల్ మొండితనమని నేను అనుకోను. ఆ తలుపును అంత వెడల్పుగానే కట్టారు.

మామూలు సివిల్ దావాలో ఆ తలుపు సివిల్ ప్రొసీజర్ కోడ్ సెక్షన్ 114లోనూ, ఆర్డర్ 47 రూల్ 1లోనూ ఉంటుంది. ఎంత జాగ్రత్తపడినా అప్పటికి తెలియని, లేదా దాఖలు చేయలేకపోయిన కొత్త ముఖ్య సాక్ష్యం బయటపడితే వెళ్లవచ్చు. రికార్డు ముఖం మీదే కనిపించే పొరపాటు ఉంటే వెళ్లవచ్చు. మూడోది "తగిన మరే కారణమైనా" అని ఉంటుంది. ఓడినవాళ్లంతా ఆశగా చూసేది ఆ మూడో మాటవైపే. కానీ 1922లోనే ప్రివీ కౌన్సిల్ ఛజ్జూ రామ్ కేసులో దాని హద్దు గీసేసింది: ఆ మరే కారణమూ మొదటి రెండింటి జాతిదే అయి ఉండాలి. వందేళ్లుగా మన కోర్టులు ఆ మాట మీదే నడుస్తున్నాయి.

"రికార్డు ముఖం మీద పొరపాటు" అంటే ఏమిటో పట్టుకోవడానికి మన రాష్ట్రం నుంచి వెళ్లిన కేసునే దగ్గరగా చూడటం మంచిది. కర్నూలులో తుంగభద్ర ఇండస్ట్రీస్ వేరుశనగ నూనె తీసేది. ఆ నూనెలోకి హైడ్రోజన్ పంపి గడ్డకట్టించి వనస్పతిగా అమ్మేది. నూనె అమ్మకానికి అమ్మకపు పన్ను లెక్కలో ఒక మినహాయింపు ఉండేది. గడ్డకట్టాక అది ఇంకా వేరుశనగ నూనేనా, వేరే సరుకా? పన్ను అధికారులు వేరే సరుకన్నారు, కంపెనీ నూనేనంది. రెండు వైపులా వాదించడానికి వీలున్న ప్రశ్న అది. 1960లో సుప్రీంకోర్టు అది నూనేనని తేల్చింది, కానీ అప్పీలులో. అదే కంపెనీకి 1949-50 సంవత్సరపు పన్ను మీద ఇంకో కేసు నడుస్తోంది. సుప్రీంకోర్టుకు వెళ్లడానికి హైకోర్టు అనుమతి పత్రం కావాలి. వేరే సంవత్సరాల కేసుల్లో, ఇవే ప్రశ్నల మీద, హైకోర్టు అంతకుముందే ఆ పత్రం ఇచ్చి ఉంది. ఈ సంవత్సరానికి మాత్రం చెప్పుకోదగ్గ న్యాయప్రశ్న ఏదీ లేదంటూ నిరాకరించింది. కంపెనీ రివ్యూ వేసింది, హైకోర్టు కొట్టేసింది. 1963 అక్టోబర్ 22న సుప్రీంకోర్టు తరఫున జస్టిస్ రాజగోపాల అయ్యంగార్ రాసిన తీర్పు ఆ కొట్టివేతను తప్పుపట్టింది.

ఇక్కడ రెండు ప్రశ్నలు పక్కపక్కనే ఉన్నాయి, చూడండి. వనస్పతి నూనేనా కాదా అన్నది తేల్చడానికి రసాయన శాస్త్రం కావాలి, చట్టం మాటల అర్థం కావాలి, గంటల వాదన కావాలి. ఒకే కోర్టు ఒకే ప్రశ్నను ఒకసారి ముఖ్యమైనదని, ఇంకోసారి ప్రశ్నే కాదని అన్నదని చూపించడానికి రెండు ఉత్తర్వులు పక్కపక్కన పెడితే చాలు. రివ్యూకు పనికొచ్చింది ఆ రెండోదే. పెద్ద వాదనేమీ లేకుండా వేలు పెట్టి చూపించగలిగి, దాని మీద ఎవరికీ రెండో అభిప్రాయం ఉండే వీలు లేకపోతే అది ముఖం మీది పొరపాటు అని ఆ తీర్పు చెప్పింది. రివ్యూ అంటే ముసుగేసుకున్న అప్పీలు కాదని కూడా చెప్పింది. ఆ తర్వాత ఈ విషయం మీద వచ్చిన తీర్పులెన్నో ఈ కర్నూలు కేసునే ఆధారం చేసుకున్నాయి.

మరి కొత్త సాక్ష్యం సంగతి? ఒక ఊహ చేద్దాం. గార మండలంలో అర ఎకరం మెట్ట భూమి మీద దావా. తీర్పు వచ్చిన పది రోజులకు కలెక్టరేట్ రికార్డు గదిలో పాత ఫెయిర్ అడంగల్ నకలు దొరికింది, అందులో తాతగారి పేరుంది. ఇంట్లో అందరికీ ప్రాణం లేచి వచ్చింది. కోర్టు మాత్రం కాగితం గొప్పతనం చూడడానికి ముందే ఒక చిన్న ప్రశ్న వేస్తుంది: ఇన్నేళ్లుగా అది అక్కడే ఉంది కదా, దావా నడిచినన్నాళ్లూ ఎందుకు తీసుకురాలేదు? నకలుకు దరఖాస్తు పెట్టామనీ, రికార్డు దొరకలేదని ఆఫీసు రాసి ఇచ్చిందనీ చూపించగలిగితే దారి ఉంది. అడగాలని తోచలేదంటే దారి లేదు. చాలామందికి ఇది క్రూరంగా కనిపిస్తుంది. కాని అవతలివాళ్ల వైపు నుంచి చూడండి. వాళ్లు కూడా ఏళ్ల తరబడి వాయిదాలకు తిరిగి, సాక్షులను తెచ్చుకుని, ఉన్న కాగితాల మీద గెలిచారు. మనం వెతకకపోవడానికి వాళ్లు ఎందుకు మూల్యం చెల్లించాలి?

దీనికి వచ్చే బలమైన ఆక్షేపణ ఒకటుంది. తీర్పు తప్పయితే తప్పే కదా, న్యాయం కంటే ముగింపు ముఖ్యమా? ఈ ప్రశ్నను తేలిగ్గా తీసేయకూడదు. శ్రీకూర్మనాథుని ఆలయ స్తంభాల మీద గంగరాజుల కాలపు శాసనాలు ఉన్నాయి. దేవుడి ముందు అఖండ దీపం వెలగాలని ఇచ్చిన దానాలను వాటి మీద చెక్కించారు. దానాలు ఆచంద్రార్కం సాగాలని మన పాతవాళ్లు రాతికెక్కించడంలో ఒక అవసరం ఉంది. ఇచ్చినవాడి మనవడు వచ్చి, ఆ దానం సరిగా ఆలోచించి చేసింది కాదు, మళ్లీ విచారిద్దాం అంటే దీపం ఆరిపోతుంది. ముగింపు లేని నిర్ణయం మీద ఎవరూ ఇల్లు కట్టలేరు, బ్యాంకు అప్పు ఇవ్వదు, ఆడపిల్ల పెళ్లికి ఆ పొలం పనికిరాదు. పైగా తీర్పులను ఎన్నిసార్లయినా తిరగదోడవచ్చు అంటే లాభపడేది ఎవరు? పదిసార్లు ప్లీడరు ఫీజు కట్టగలిగినవాడు. రెండోసారి కట్టలేని రైతు గెలిచి కూడా ఓడిపోతాడు. ముగింపు బలహీనుడికి రక్షణ. తప్పు దిద్దుకోవడానికి చట్టం అప్పీలు పెట్టింది. అక్కడ వేరే మనసు, వేరే కళ్లు అదే రికార్డును మొదటి నుంచి చూస్తాయి. రివ్యూ ఇరుకుగా ఉందంటే అప్పీలు వెడల్పుగా ఉండటం వల్లే.

"తీర్పు ఇచ్చిన జడ్జే మళ్లీ వింటే మార్చుకుంటారా?" అని ఇంకో సందేహం. సాధ్యమైనంతవరకు అదే జడ్జి వినాలన్నది నియమమే. అందులో అర్థముంది: తన ముందు ఏముంది, తాను ఏది చూడలేదు అన్నది ఆయనకే బాగా తెలుసు. చూడనిది చూపిస్తే దిద్దుకోవడం ఏ న్యాయమూర్తికీ అవమానం కాదు, దిద్దుకుంటారు కూడా. నీట్ సంగతి పిల్లల్ని మెడిసిన్ చదివించిన ప్రతి తెలుగింటికీ తెలుసు. 2013 జూలై 18న సుప్రీంకోర్టు 2:1 మెజారిటీతో ఆ పరీక్షను కొట్టేసింది. 2016 ఏప్రిల్ 11న ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం రివ్యూలో ఆ తీర్పును వెనక్కి తీసుకుంది. కారణం ఏం చెప్పారు? కట్టుబడాల్సిన కొన్ని పాత తీర్పులను మెజారిటీ పరిగణనలోకి తీసుకోలేదు, తీర్పు వెలువరించే ముందు సభ్యుల మధ్య చర్చ జరగలేదు. రెండూ "చూడలేదు" కోవలోవే. నీట్ మంచిదా చెడ్డదా అన్న దాని జోలికే ఆ ఉత్తర్వు పోలేదు.

నా వాదనకు ఎదురుగా నిలిచే ఉదాహరణను కూడా దాచను. 2018 మార్చి 20న సుభాష్ కాశీనాథ్ మహాజన్ కేసులో సుప్రీంకోర్టు ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టం కింద అరెస్టులకు ముందస్తు అనుమతులు, ప్రాథమిక విచారణ కావాలని ఆదేశాలిచ్చింది. దేశమంతా ఆందోళనలు జరిగాయి. 2019 అక్టోబర్ 1న ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం రివ్యూలో ఆ ఆదేశాలను ఉపసంహరించుకుంది. అక్కడ కోర్టు నిజంగానే మళ్లీ ఆలోచించింది. ఆ నిర్ణయం సరైనదని నేను మనసారా నమ్ముతాను. అయితే అది ఇద్దరు పౌరుల ఆస్తి తగాదా కాదు. చట్టంలో లేని ఆదేశాలను కోర్టే తన అధికారంతో జోడించిన సందర్భం అది, కోట్లాది దళిత, ఆదివాసీల రక్షణ దాని మీద ఆధారపడింది, రివ్యూ అడిగింది కేంద్ర ప్రభుత్వం. దాన్ని చూసి గట్టు తగాదాలో రివ్యూ మీద ఆశ పెట్టుకోవడం మిమ్మల్ని మీరే మోసగించుకోవడం.

చట్టం గురించి కోర్టు అభిప్రాయమే తప్పని మీరు నమ్మితే? అప్పుడు దారి చాలా పొడవు. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ ఎస్సీ వర్గీకరణ చట్టాన్ని 2004 నవంబర్‌లో ఇ.వి. చిన్నయ్య కేసులో సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తులతో కొట్టేసింది. ఆ అభిప్రాయం తప్పని తేలడానికి 2024 ఆగస్టు 1 దాకా పట్టింది. అది కూడా పంజాబ్ నుంచి వచ్చిన దవీందర్ సింగ్ కేసులో, ఏడుగురు న్యాయమూర్తుల పెద్ద ధర్మాసనం ముందు. ఇరవై ఏళ్ల ఉద్యమం ఆ రెండు తేదీల మధ్య ఉంది. ఇంకో సంగతి కూడా గుర్తుంచుకోండి: మీ తీర్పు తర్వాత వేరే కేసులో పై కోర్టు చట్టాన్ని మీకు అనుకూలంగా మార్చి చెప్పినా, ఆ ఒక్క కారణంతో మీ పాత తీర్పు మీద రివ్యూ రాదని ఆర్డర్ 47 రూల్ 1 వివరణలో రాసే ఉంది.

అసలు ప్రమాదం గడువుల్లో ఉంది. సివిల్ కోర్టు తీర్పు మీద రివ్యూకు 30 రోజులు. జిల్లా కోర్టుకు అప్పీలుకూ 30 రోజులే, హైకోర్టుకైతే 90. సర్టిఫైడ్ కాపీ తీసుకోవడానికి పట్టిన రోజులను ఈ లెక్కలోంచి తీసేస్తారు, అందుకే కాపీ మీద వేసిన తేదీలు, దరఖాస్తు పెట్టింది ఎప్పుడు, స్టాంపులు అడిగింది ఎప్పుడు, ఇచ్చింది ఎప్పుడు, కాపీ సిద్ధమైంది ఎప్పుడు, మీకు బంగారం లాంటివి. రివ్యూ వేశాం కదా అని అప్పీలు గడియారం ఆగదు. రివ్యూ కొట్టేస్తే ఆ కొట్టివేత మీద మామూలు అప్పీలు లేదు, రివ్యూ మీద ఇంకో రివ్యూ లేదు. మీ చేతిలో మిగిలేది మొదటి తీర్పు, దాని పాత తేదీ. ఆలస్యాన్ని మన్నించమని అడగవచ్చు, మన్నించాలని లేదు. ముందు అప్పీలు వేసి తర్వాత రివ్యూ వేయడం కుదరదు. ముందు రివ్యూ వేసి తర్వాత అప్పీలు వేస్తే రివ్యూ వినవచ్చు, అప్పీలు ముందే తేలిపోతే మాత్రం రివ్యూ అక్కడితో సరి. ఈ సంగతి కూడా ఆ కర్నూలు కేసులోనే తేలింది.

కొన్ని సమస్యలకు రివ్యూ అక్కరే లేదు. డిక్రీలో సర్వే నంబరు 112కు బదులు 121 పడితే, కూడికలో తప్పు జరిగితే, సెక్షన్ 152 కింద దిద్దమని అడిగితే చాలు. మీరు హాజరు కాకుండానే ఎక్స్‌పార్టీ డిక్రీ అయిపోతే దానికి ఆర్డర్ 9 రూల్ 13 ఉంది. క్రిమినల్ కేసులో అయితే సంతకం పెట్టిన తీర్పులో రాత తప్పులు, లెక్క తప్పులు తప్ప ఆ కోర్టు ఏదీ మార్చకూడదు. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 362, ఇప్పటి భారతీయ నాగరిక్ సురక్ష సంహిత 403 ఆ మాటే అంటాయి. సుప్రీంకోర్టులో రివ్యూను మామూలుగా న్యాయమూర్తులు తమ గదిలోనే కాగితాల మీద చూసి తేలుస్తారు. ఉరిశిక్ష పడినవాళ్లకు మాత్రం బహిరంగ కోర్టులో వాదన వినాలని 2014లో ఆ కోర్టే నిర్ణయించింది. ప్రాణం పోతే దిద్దుకోవడం ఎవరి చేతిలోనూ లేదు కాబట్టి ఆ తేడా న్యాయమే. రివ్యూ కూడా పోయాక సుప్రీంకోర్టునే మళ్లీ అడిగే క్యూరేటివ్ పిటిషన్, 2002లో రూపా అశోక్ హుర్రా కేసుతో వచ్చింది, అన్నిటికంటే చివరిది, అన్నిటికంటే అరుదుగా తెరుచుకునేది.

కాబట్టి కాపీ చేతికి వచ్చిన రోజు సాయంత్రం ఈ పని చేయండి. తీర్పును పెన్సిల్‌తో చదవండి. "సాక్షి మాట నమ్మదగినదిగా లేదు," "ఈ పత్రం వాది కేసుకు బలం ఇవ్వదు" లాంటి వాక్యాలు ఎదురైనప్పుడు కోపం వస్తుంది, రానివ్వండి, కాని వాటి పక్కన "చూశారు" అని రాయండి. అవన్నీ అప్పీలుకు. "ప్రతివాది ఏ పన్ను రశీదూ దాఖలు చేయలేదు" అని తీర్పులో ఉండి, మీ రశీదు ఎగ్జిబిట్ బి-7గా మార్క్ అయి ఉంటే, అక్కడ గట్టిగా గీత గీయండి. ఆ గీతలతో ప్లీడరుగారి దగ్గర కూర్చోండి. వీలైతే కేసు నడిపిన ప్లీడరుగారే ఉండాలి, రివ్యూ కోసమే కొత్త న్యాయవాదిని పెట్టుకోవడాన్ని సుప్రీంకోర్టు గట్టిగా మందలించింది. రివ్యూ పిటిషన్ మొదటి పేజీలో ఉండాల్సింది రెండే వాక్యాలని ఆయనకు చెప్పండి: తీర్పు ఫలానా పేరాలో ఇలా ఉంది, రికార్డులో ఫలానా తేదీన ఇది ఉంది. ఆ రెండు వాక్యాలు వచ్చి, గెలుపోటములు ఆ పొరపాటు మీదే ఆధారపడి ఉంటే ముప్పై రోజుల్లో వేయండి. మూడో వాక్యంలో "అయినప్పటికీ," "వాస్తవానికి," "న్యాయదృష్టితో చూస్తే" అని మొదలుపెట్టాల్సి వస్తే ఆ కాగితం పక్కన పెట్టి, మిగిలిన రోజులు లెక్కపెట్టుకుని, అప్పీలు మెమో రాయించండి.